మకరవంశము

మొసలి యనగానే మన యిండ్లలో మొదట జ్ఞప్తికి వచ్చునది గజేంద్రమోక్షము. పోతనామాత్యుని భాగవతమును చదివిన గృహిణులకును, పెద్దల నోట వినిన పిల్లలకును ఆ కథ సుపరిచితమే. అయినను ఆ కథలో ఏనుగుపై జాలిగొనని వారు లేరుగాని మొసలిని తలచువారు మిక్కిలి యరుదు. హూహూ యను గంధర్వుడు దేవలముని శాపముచే మకరియై ఆ మడుగున బడియుండెననియు, ఏనుగుతోపాటు వానికిని విమోచనము కలిగెననియు ఆ పురాణమే చెప్పుచున్నది. గంగాదేవికిని వరుణునికిని మకరమే వాహనము. ఆలయములలోని మకరతోరణములను మనము చూచుచునే యున్నాము. ఇంతటి ప్రాచీన పరిచయముగల ప్రాణినిగూర్చి మనకు దెలిసినది ఎంత యని విచారించి, మేము కొన్నాళ్లుగా శాస్త్రజ్ఞులు వ్రాసినవి చదువుచున్నాము. చదివినకొలది ఆశ్చర్యము హెచ్చినది. ఆ సంగతులలో కొన్నిటిని సోదరీమణులకు విన్నవించుటకే యీ వ్యాసము.

మొదట బంధుత్వము చెప్పుదుము. మొసలిని చూచినవారు అది పెద్దబల్లి యనియు, ఉడుమునకు అన్న యనియు తలంతురు. శాస్త్రజ్ఞులు అట్లనరు. నేడు బ్రతికియున్న జీవులలో మొసలికి మిక్కిలి దగ్గరి చుట్టములు పక్షులు. మన పెరటిలో గింజ లేరుకొను కోడిపెట్ట బల్లికంటె మొసలికి దగ్గరిది! రాక్షసబల్లులని మనము పిలుచు డైనోసారులును, వానినుండి పుట్టిన పక్షులును, మొసళ్లును ఒక్క మూలమునుండి చీలిన శాఖలు. పక్షి గుండెలోవలెనే మొసలి గుండెలోను నాలుగు గదులున్నవి. బల్లి గుండెకు మూడే.

ఆ వంశపు దాయాదులలో నొకటి మన గోదావరీ ప్రాంతముననే దొరకినది. తెలంగాణములో ఆదిలాబాదు వైపున మాలేరి యను చోటు గలదు. అచ్చటి యెఱ్ఱని మట్టిరాళ్లలో పురాతన జంతువుల యెముకలు రాయిగా మారి నిలిచియున్నవి. 19వ శతాబ్దపు నడుమ నాగపురమున మతబోధకుడుగా నుండిన స్టీఫెన్ హిస్లాప్ ఆ ప్రాంతపు శిలాజములను సేకరించెను. 1885లో లిడెక్కర్ అను పండితుడు అందొక ప్రాణికి ఆయన పేరు చేర్చి ‘పారాసూకస్ హిస్లోపి’ యని నామకరణము చేసెను. సుమారు 22 కోట్ల సంవత్సరములకు పూర్వము ఇది మన నదులలో తిరుగాడినది. పొడవు ఎనిమిది అడుగుల పైచిలుకు. సన్నని పొడవైన మూతి, వాడియైన పండ్లు, వీపుపై యెముక పలకలు గలవు. చూచినవారెల్ల మొసలియే యందురు. కాని యిది మొసలి కాదు. మొసలికి ముక్కురంధ్రములు మూతి కొనయందుండగా, దీనికి కన్నుల చెంతనే యున్నవి. ఇరువురు దాయాదులు ఒకే వృత్తిలో దిగి ఒకే వేషము ధరించినట్లు, ఏటిలో పొంచియుండి వేటాడు బ్రతుకు ఈ రెండింటికి ఒక్క రూపునే యిచ్చినది.

కలకత్తాలోని భారతీయ గణాంకశాస్త్ర సంస్థవారి పరిశోధనలో దీని యస్థిపంజరములు రెండు సమగ్రముగా లభించెను. శంకర్ ఛటర్జీ 1978లో వానిని వర్ణించి వ్రాసెను. ఆ రెండింటి పొట్టలయందు మఱియొక చిన్న సరీసృపముయొక్క యెముకలు బయటపడినవి. తిన్నది అరుగకమునుపే తాము మరణించుటచే, ఆ యిరువురి కడపటి భోజనము ఇన్ని కోట్ల సంవత్సరములు అట్లే నిలిచినది. ఆ తిండికి మాలేరిసారస్ అని మన మాలేరి పేరే పెట్టిరి. ఈ పారాసూకస్ జాతులన్నియు సుమారు 20 కోట్ల సంవత్సరములనాడు నశించినవి. పిదప ఆ యేటియొడ్డున కాపురమునకు వచ్చినవి నిజమైన మొసళ్ల వంశీయులు.

ఆ వంశీయులన్నియు నేటి మొసళ్లవలె నీట బడియుండలేదు. మడగాస్కరు దీవియందలి సిమోసూకస్ పిల్లియంత ప్రాణి. మొద్దుమూతితో, ఆకులవంటి పండ్లతో నేలపై తిరిగి ఆకులలములు మేసినదని తలంచుచున్నారు. పటగోనియాయందు దొరకిన సెబెకస్ నేలపైననే వేటాడెడిది. మఱికొన్ని సముద్రమున జేరి, కాళ్లు తెడ్లవలె మారి, చేపతోకను బోలు తోక పొందినవి. ఒక్క యింట పుట్టినవారు ఒకరు సేద్యమునకు, ఒకరు వర్తకమునకు, ఒకరు ఓడలపైకి పోయినట్లున్నది గదా!

ఇక రాక్షసరూపులగువానిని చెప్పుదుము. ఆఫ్రికాలోని నైజర్ దేశమున టెనెరే యను ఎడారి గలదు. నేడు అచ్చట ఇసుక తప్ప నీరు కానరాదు. 11 కోట్ల సంవత్సరములకు పూర్వము అచ్చట పెద్ద నదులు పారినవి. ఆ నదులకు అధిపతి సార్కోసూకస్. ఫ్రెంచి శాస్త్రజ్ఞులు 1966లో దీనికి పేరిడిరి. 1997, 2000 సంవత్సరములలో పాల్ సెరెనో బృందము మఱికొన్ని యెముకలను త్రవ్వితీసినది. పొడవు 40 అడుగులకు దగ్గర యని మొదట లెక్కించిరి. తరువాతివారు 31 అడుగులకు తగ్గించిరి. తల యొక్కటియే ఐదడుగులు మించినది. పండ్లు నూటికి పైబడినవి.

అంకెలు చదివినంత మాత్రమున పొడవు మనసున కెక్కదు. గత సంక్రాంతికి మా మనుమలు వచ్చినప్పుడు, వాకిట త్రాటితో 31 అడుగులు కొలిచి ముగ్గుపిండితో ఈ మొసలిని గీచితిమి. తోక వీధిలోనికి పోయినది. ఎనిమిదేండ్ల మనుమరాలు ఆ తలలో పరుండగా ఇంకను అడుగుచోటు మిగిలెను. ఎదురింటి యిల్లాలు వచ్చి, “పిన్నిగారూ, ఈ యేడు మీ రథానికి తోక వచ్చిందేమండీ?” అని యడిగెను. “మకరసంక్రాంతికి మకరమే కదమ్మా!” యంటిమి. ఆమె నవ్వి, తానును ఒక పిడికెడు పిండి తెచ్చి దానికి పండ్లు పెట్టెను.

ఉత్తర అమెరికాయందు 8 కోట్ల సంవత్సరములనాడు మఱియొక మహామకరముండెను. దాని పేరు డీనోసూకస్. భయంకరమైన మొసలి యని యర్థము. అది కొరికిన గాట్లు తాబేళ్ల చిప్పలమీదను, డైనోసారుల యెముకలమీదను కనబడుచున్నవి. అది యంతగా నెట్లు పెరిగెనో 1999లో ఎరిక్సన్, బ్రోచూ అను పండితులు కనిపెట్టిరి. చెట్టు మ్రానులో వలయములున్నట్లు మొసలి వీపు పలకలలోను ఏటేటి పెరుగుదల గుర్తులుండును. వానిని లెక్కింపగా, డీనోసూకస్ నేటి మొసళ్లకంటె వేగముగా పెరుగలేదు. వానివలెనే పెరుగుచు, అవి నిలిచిన పిమ్మటను నిలువక, సుమారు 35 ఏండ్లు పెరుగుచునే యుండెనట. అట్టి దేహము తయారగుటకు దీర్ఘకాలము కావలెను. ఆ కాలమంతయు తిండియు, నీరును తఱుగక దొరకవలెను.

ఇందులోనే వాని చేటును గలదు. దక్షిణ అమెరికాయందు 80 లక్షల సంవత్సరములనాడు పురుస్సారస్ అను మొసలి విశాలమగు చిత్తడినేలలలో రాజ్యమేలెను. ఆండీస్ పర్వతములు పైకి లేచుటచే నీటిదారులు మాఱినవి, ఆ చిత్తడినేలలు తఱిగినవి, పురుస్సారస్ కనుమఱుగయ్యెను. సార్కోసూకసును, డీనోసూకసును డైనోసారుల యంతమునకు ముందే పోయినవి. 6 కోట్ల 60 లక్షల సంవత్సరములనాడు ఆకాశమునుండి పెనురాయి పడి డైనోసారులు నశించినపుడు, బ్రతికి బయటపడినవి చిన్నవియు మధ్యమములునగు మొసళ్లు. మొసలి యెండచే వెచ్చబడునుగాని తిన్న తిండిని మండించి కాదు. కావున నెలల తరబడి పస్తుండి ప్రాణము నిలుపుకొనగలదు. స్వల్పముతో సరిపెట్టుకొను సంసారము కరవులో నిలుచుట మనకు దెలియని సంగతి కాదు.

స్త్రీలమగు మనము తెలిసికొనదగినది మఱియొకటి గలదు. మొసలికన్నీరను మాట ఎట్లు పుట్టినను, మొసలి క్రూరమైన తల్లి మాత్రము కాదు. మన నదులలోని మగ్గర్ మొసలి ఒడ్డున గుంటత్రవ్వి గ్రుడ్లు పెట్టి, రెండు నెలల కాలము కాచుకొని యుండును. ఆ గూటి వేడిమినిబట్టియే పిల్లలు ఆడువో మగవో నిర్ణయమగును. పిల్లలు గ్రుడ్డులోనుండియే కూయగా తల్లి విని, మట్టి త్రవ్వి, ఎముకలను నుగ్గుచేయగల ఆ దవడలమధ్యనే వానిని మెల్లగా నుంచుకొని నీటికి చేర్చును. చంబల్ నదియందు గరియాల్ మొసళ్ల పిల్లలు తండ్రి వీపుపై గుంపుగా నెక్కియుండుట పలువురు చూచిరి.

ఇంతటి వంశము మన కాలమున దాదాపు తుడిచిపెట్టుకొని పోయినది. పెనురాయికి లొంగనిది చేతిసంచికి లొంగినది. తోలుకొఱకు వేట, నదులకడ్డముగ ఆనకట్టలు, చేపలవలలు, గ్రుడ్ల దొంగతనము కలసి, 1970 దశకము నాటికి దేశములో గరియాళ్లు రెండువందలైనను లేవని యెంచిరి. 1972 నాటి వన్యప్రాణి చట్టము వేటను నిషేధించెను. 1975లో ప్రభుత్వమువారు ఐక్యరాజ్యసమితి సహాయముతో గ్రుడ్లను సేకరించి, పొదిగించి, పిల్లలను పెంచి, నదులలో విడుచు పని నారంభించిరి. మగ్గర్ మొసళ్లు కొంత తెప్పరిల్లినవి. మన మంజీరానదిలో వానికొఱకు అభయారణ్య మేర్పడినది. గరియాల్ యింకను మిక్కిలి ప్రమాదమున నున్నది.

మొన్న మా మేనకోడలు విదేశమునుండి వచ్చుచు మొసలితోలు నమూనాగల చేతిసంచి తెచ్చినది. మేము ముఖము చిన్నబుచ్చుకొనుట చూచి, “అత్తయ్యా, ఇది అచ్చువేసిన మామూలు తోలే!” యనినది. “నిజమైనదే దొరికితే?” యని యడుగగా కొంతసేపు పలుకలేదు. పిదప, “దొరికినా కొననులే అత్తయ్యా” యనినది. కొనువారు లేనిచో వేటకానికి పనియుండదను సంగతిని ఇంతకంటె వివరించి చెప్పనవసరము మాకు గలుగలేదు.

మొసలిని కాపాడుమని బస్తీలో కూర్చుండి వ్రాయుట సులభమని, నీటికై యేటికి పోవు అక్కచెల్లెండ్లు మమ్ము దప్పుపట్టవచ్చును. వారి మాట న్యాయమే. ఒడిస్సాలోని భితరకనికాయందు స్నానపు రేవులలో మొసళ్లబారిన పడినవారు కలరు. అందుకే అచ్చటి గ్రామములలో రేవుల చుట్టును కంచెలు కట్టిరి. అట్టి కంచెలును, ఇంటికడనే కుళాయియు లేక మొసళ్లను నదిలో విడిచిన భారము పేదయిల్లాండ్రపై బడును. ఈ రెండు పనులు కలసియే జరుగవలెను.

వేసవి సెలవులలో పిల్లలను హైదరాబాదు నెహ్రూ జంతుప్రదర్శనశాలకు తీసికొనిపోవు తల్లులకు ఒక మనవి. మొసళ్ల మడుగుకడ నిలిచి, ముక్కురంధ్రము లెక్కడ నున్నవో చూడుమని పిల్లల నడుగుడు. మూతి కొనను చూపినచో, మాలేరినుండి దొరకిన పారాసూకస్ కథ చెప్పుడు.