లోటస్ ఫిల్మ్ కంపెనీ, హైదరాబాద్

హైదరాబాద్ సినిమా గురించి ఎవరు మొదలుపెట్టినా కథ ముందు మద్రాసు వెళ్తుంది. రఘుపతి వెంకయ్య, ఆయన కొడుకు ప్రకాశ్, 'భీష్మ ప్రతిజ్ఞ', టాకీలు, చాలా దశాబ్దాల తర్వాత పరిశ్రమ ఇక్కడికి తరలిరావడం. ఇందులో అబద్ధమేం లేదు. కాకపోతే 1922లోనే ఈ ఊళ్ళో లోటస్ ఫిల్మ్ కంపెనీ అని ఒకటి ఉండేదనీ, దాన్ని పెట్టినవాడు కలకత్తా మనిషి ధీరేంద్రనాథ్ గంగూలీ అనీ ఈ కథ చెప్పదు.

గంగూలీ 1893లో పుట్టాడు. శాంతినికేతన్‌లో చదివాడు. హైదరాబాద్‌కి మొదట వచ్చింది చిత్రకళ నేర్పడానికి. రకరకాల వేషాలు తనే కట్టి, ఆ ఫోటోలతో ఏకంగా పుస్తకం వేసుకున్నాడు. ఇప్పటి సెల్ఫీ జనాభా ఆయన ముందు ఎందుకూ పనికిరారు. 1921లో వచ్చిన 'బిలాత్ ఫెరత్'కి కథ ఆయనదే, వేషమూ ఆయనదే. ఇంగ్లండ్ నుంచి తిరిగొచ్చి, ఇంట్లోవాళ్ళ పద్ధతులు నచ్చక తంటాలు పడే కుర్రాడి మీద వెటకారం అది. ఆన్‌సైట్ నుంచి వచ్చాక ఆర్నెల్లపాటు ప్రతి వాక్యం "అక్కడైతేనా..." అని ఎత్తుకునేవాళ్ళు మా ఫ్లోర్‌లోనే నలుగురున్నారు. వందేళ్ళయినా ఆ పాత్రకి పని తగ్గలేదు.

ఆ మరుసటి ఏడాదే లోటస్. ఒక పక్క 'ఇంద్రజిత్', 'హర గౌరి' లాంటి పురాణాలు, ఇంకో పక్క 'లేడీ టీచర్', 'మ్యారేజ్ టానిక్'. నాకు ఆసక్తి ఈ రెండో రకం మీదే. దేశమంతా దేవుళ్ళ సినిమాలకి ఎగబడుతున్న రోజుల్లో ఒకాయన నిజాం రాజధానిలో కూర్చుని పెళ్ళి మీద, టీచరమ్మ మీద సినిమాలు తీశాడు.

1924లో బొంబాయి నుంచి వచ్చిన 'రజియా బేగం' ఇక్కడ ఆడించాడు. ముస్లిం రాణి, హిందూ ప్రియుడు. నిజాంకి కోపమొచ్చింది, గంగూలీ రాజ్యం వదిలిపోవాల్సి వచ్చింది. తను తీసిన సినిమాలకి రాని ముప్పు, వేరేవాళ్ళు తీసింది చూపించినందుకు వచ్చింది. లోటస్ అక్కడితో ఆఖరు.

మా టీమ్‌లో ఒక బెంగాలీ దాదా ఉన్నాడు. లంచ్‌లో ఈ సంగతి చెప్తే, "డీజీ మీ హైదరాబాద్‌లో ఉన్నాడా!" అన్నాడు. ఆయనకి గంగూలీ అంటే తాతల కాలపు కామెడీ, అంతే. నాకు మాత్రం ఆ 'మీ' దగ్గర ముద్ద ఆగింది. నాది ఒంగోలు. కొండాపూర్‌లో పదకొండేళ్ళ నుంచీ అద్దెకుంటున్నాను. ఊరు మారినప్పుడల్లా వదిలేసి వెళ్ళే సామానులా, గంగూలీ ఇక్కడి రెండేళ్ళని అటు కలకత్తా వాళ్ళూ పట్టించుకోలేదు, ఇటు మనమూ పట్టించుకోలేదు.

దీనికి కారణం ద్వేషమేమీ కాదనుకుంటాను. మన సినిమా చరిత్రని భాషల వారీగా అరలు కట్టి పెట్టుకున్నాం. మూకీకి భాషే లేదు. మధ్యమధ్య వచ్చే అక్షరాల కార్డులు మారిస్తే అదే రీలు ఏ ఊళ్ళోనైనా ఆడుతుంది. ఒక బెంగాలీ, ఉర్దూ రాజ్యంలో, తెలుగువాళ్ళు కూడా ఉండే నగరంలో తీసిన మూకీని ఏ అరలో పెడతారు? డేటాబేస్‌లో 'భాష' అనే కాలమ్ తప్పనిసరి చేస్తే, అది ఖాళీగా ఉన్న రికార్డు లోపలికే రాదు. ఇక్కడ జరిగింది అదే. పైగా నైట్రేట్ ఫిల్మ్. భద్రంగా దాచకపోతే పొడైపోతుంది, నిప్పు తగిలితే క్షణాల్లో అంటుకుంటుంది. మన దేశపు మూకీల్లో చేతికి దక్కినవి వేళ్ళ మీద లెక్కపెట్టేంతే.

గంగూలీ మాత్రం ఆగలేదు. 1929లో కలకత్తాలో బ్రిటిష్ డొమీనియన్ ఫిల్మ్స్ పెట్టాడు, టాకీల్లోకీ వెళ్ళాడు. 1974లో పద్మభూషణ్, 1975కి ఫాల్కే అవార్డు వచ్చాయి. 1978లో చనిపోయాడు. అప్పటికి అమీర్‌పేటలో సారథి, బంజారాహిల్స్‌లో అన్నపూర్ణ స్టూడియోలు వెలిశాయి. మద్రాసు నుంచి సినిమావాళ్ళని హైదరాబాద్ రమ్మని పిలుస్తున్న రోజులవి.