దాచుకొన్న ఆట

భూమి గుండ్రముగా నున్నదని భూగోళ పాఠములో చదువుట వేరు. దానివలన కలుగు చిక్కును అనుభవించుట వేరు. అమెరికాలో రాత్రి దీపముల వెలుగున ఆడు ఆట సిద్దిపేటలో పాలు కాచు వేళకు ప్రసారమగును. న్యూయార్కు నగరమున శీతకాలపు సాయంకాలము 7.30 గంటలకు బాస్కెట్‌బాల్ ఆట ఆరంభమైనచో, ఆ క్షణమున కోమటి చెరువు గట్టుపై మరునాటి ఉదయము 6 గంటలు. అదే ఆట పశ్చిమ తీరమున లాస్ ఏంజిలిస్‌లో 7.30 గంటలకు ఆరంభమైనచో సిద్దిపేటలో 9 గంటలు. పుస్తకముల సంచి భుజమున వేసికొని బడికి పోవలసిన వేళ. మొదటి ఆటను చలిలో దుప్పటి కప్పుకొని చూడవచ్చును. రెండవదానిని చూచుటకు వీలు లేదు. ఆట ఆగదు, బడి గంటయు ఆగదు.

ఈ ఆటను 1891 డిసెంబరులో అమెరికాలోని స్ప్రింగ్‌ఫీల్డు పట్టణమున జేమ్స్ నైస్మిత్ అను వ్యాయామోపాధ్యాయుడు కల్పించెను. చలికాలమున విద్యార్థులను గది లోపల ఆడించుటకై, పండ్ల బుట్టలను రెండింటిని 10 అడుగుల ఎత్తున కొట్టించి, 13 నియమములు వ్రాసెను. ఆ బుట్ట ఆటయే నేడు ఎన్.బి.ఏ. అను సంఘము క్రింద 30 జట్లు ఆడు మహోత్సవమైనది. నియమిత పోటీలలో ఒక్కొక్క జట్టు ఏటేటా 82 ఆటలు ఆడును. ఇన్నింటిని వేళకు కూర్చుండి చూచుట పనిపాటలు లేనివానికే సాధ్యము. అందుచేత చూడదలచినవారు ఆటను దాచుకొనుట నేర్చిరి.

దాచుకొను పద్ధతులు ఒక్క తరములోనే ఎంతో మారినవి. 1970వ దశకమున టేపు యంత్రము ఇంటిలోనికి వచ్చెను. 1999లో టేపునకు బదులు లోపలి చక్రముపై అంకెల రూపమున దృశ్యములను నిలుపు పెట్టె వచ్చెను, దానికి డి.వి.ఆర్. అని పేరు. పిదప ఆ పెట్టె ఇల్లు విడిచి పోయినది. ఇప్పుడు అమెరికాలో ఇంటర్నెట్ ద్వారా టెలివిజన్ ప్రసారములను అందించు సంస్థలు చందాదారుని ఆటలను తమ యంత్రశాలలలోనే దాచిపెట్టుచున్నవి. దీనిని క్లౌడ్ డి.వి.ఆర్. అందురు. క్లౌడ్ అనగా మేఘము. పేరు కవిత్వముగా నున్నను అందు మేఘమేదియు లేదు. గాలిమరల హోరుతో, చల్లదనము చెడకుండ కాపాడు గదులలో, వరుసలు వరుసలుగా నిలిపిన కంప్యూటర్లు మాత్రమే కలవు. అట్టి యంత్రశాలల సముదాయమొకటి 2022 నవంబరులో అమెజాన్ సంస్థవారిచే హైదరాబాదు ప్రాంతముననే ప్రారంభింపబడినది. సిద్దిపేటవారికి మేఘము నూరు కిలోమీటర్ల దూరముననే కలదన్నమాట.

ఆ యంత్రశాలలో జరుగు పని వినుటకు సులభమే. ఆట జరుగుచుండగనే దాని దృశ్యము అంకెలుగా మారి, కొలది సెకండ్ల నిడివిగల చిన్న చిన్న తునుకలుగా విభజింపబడును. ఏ తునుక తరువాత ఏ తునుక రావలెనో తెలుపు పట్టిక యొకటి సిద్ధమగును. చందాదారుడు ముందుగా ‘ఈ జట్టు ఆటలన్నియు దాచవలెను’ అని ఒక్కసారి ఆజ్ఞాపించిన చాలును. తరువాత ఆట జరుగునప్పుడెల్ల యంత్రము తనంత తానే దాచును. అతడు తీరికగా తెర ముందు కూర్చున్నప్పుడు తునుకలు వరుసగా వచ్చి అతుకు కనబడకుండ కలిసిపోవును.

అయితే బాస్కెట్‌బాల్ గడియారమును నమ్ముటకు వీలులేని ఆట. నాలుగు భాగములు, ఒక్కొక్కటి 12 నిమిషములు, వెరసి 48 నిమిషములని నియమము. కాని బంతి ఆగినప్పుడెల్ల ఆట గడియారమును ఆగును గనుక, ఆట ముగియుటకు రెండు గంటలకు పైగా పట్టును. సమముగా ముగిసినచో మరి 5 నిమిషములు అదనము. అప్పటికిని తేలనిచో మరల 5 నిమిషములు. 2019 అక్టోబరు 4వ తేదీన ముంబయిలో, పాఠశాల బాలబాలికలు వేలకొలది చూచుచుండగా, ఇండియానా జట్టును శాక్రమెంటో జట్టును ఆడిన ఆట ఇట్లే అదనపు సమయమునకు పోయి 132–131 అంకెలతో ఇండియానాకు దక్కెను. భారతదేశమున ఎన్.బి.ఏ. జట్లు ఆడిన మొదటి ఆట అదియే. కార్యక్రమ పట్టికలోని వేళను నమ్మి దాచిన యంత్రము ఇట్టి ఆటలో తుది నిమిషములను వదలివేయును. రెండు గంటల సేపు ఊపిరి బిగబట్టి చూచినవానికి బంతి గాలిలో నుండగనే తెర చీకటియగుటకంటె పెద్ద శిక్ష వేరొకటి యుండదు. కావున తెలిసినవారు ముందుగనే అరగంటయో గంటయో అదనముగా చేర్చి దాచుదురు. కొన్ని సేవలలో ఈ పొడిగింపు తనంత తానే జరుగును.

ఇతరుల ఇంట దాచుకొన్న ఆట ఎవరిది? ఈ ప్రశ్న అమెరికా న్యాయస్థానములకు ఎక్కినది. 1984 జనవరిలో, సోనీ సంస్థ చేసిన టేపు యంత్రమును గూర్చిన వ్యాజ్యమున, ప్రసారమును ఇంట రికార్డు చేసి తీరిక వేళ చూచుకొనుట నేరము కాదని అచటి సుప్రీం కోర్టు తీర్పు చెప్పెను. తొమ్మండుగురు న్యాయమూర్తులలో ఐదుగురు ఒక వైపు, నలుగురు మరియొక వైపు నిలిచిరి. అట్లు బొటాబొటిగా నెగ్గినది ఆ స్వేచ్ఛ. ఇరువది రెండేండ్లకు, 2006లో, న్యూయార్కు ప్రాంతపు కేబుల్‌విజన్ సంస్థ ఇంటి పెట్టెకు బదులు తన యంత్రశాలలో దాచెదనని ప్రకటింపగా సినిమా, టెలివిజన్ సంస్థలు దావా వేసెను. 2008లో అప్పీలు న్యాయస్థానము కేబుల్‌విజన్ పక్షముననే తీర్పు చెప్పెను. మీట నొక్కి దాచుమన్నవాడు చందాదారుడు. ఎవని ప్రతి వానికి వేరుగా నుండి వానికే కనబడును. కావున అది వాని పెట్టెతో సమానమని తీర్పు సారాంశము. ఆ లెక్కన వేయి ఇండ్లవారు ఒకే ఆటను దాచుమన్నచో యంత్రశాల దానిని వేయిసార్లు దాచవలెను. న్యాయమునకు ఒక్కొక్కసారి వింతయైన ఖర్చు పట్టును.

దాచు పని యంత్రము చేయును. దాచిన దానిని చెడకుండ కాపాడు పని మాత్రము మనుష్యులదే. పాఠకులు సిద్దిపేటలోని ఒక ఇంటిని ఊహించుకొనవచ్చును. అన్న డాలస్ నగరమున ఉద్యోగము చేయుచున్నాడు. తమ్ముడు ఎనిమిదవ తరగతి. ఇద్దరకును డాలస్ మావరిక్స్ జట్టుపై అభిమానము. 2015లో సత్నాం సింగు అను పంజాబు యువకుని ఎంపిక చేసికొని, భారతదేశమున పుట్టినవానిని ఎన్నుకొన్న తొలి ఎన్.బి.ఏ. జట్టని పేరు పొందినది అదియే. అన్న ఆటలను క్లౌడులో దాచుకొని, పనినుండి వచ్చిన పిదప చూచును. ఆ సేవ అమెరికాలో నివసించువారికే గనుక అతడు దాచిన ప్రతి సిద్దిపేటలో తెరచుకొనదు. తమ్ముడు లీగ్ పాస్ అను మరియొక సేవలో, బడినుండి వచ్చిన పిదప, ముగిసిన ఆటను చూచును. స్కోర్లను కనబడనీయక దాచు ఏర్పాటు కూడ అందు కలదు.

కాని మనుష్యుల నోళ్లకు అట్టి ఏర్పాటు లేదు. అన్న ఫోను చేయగనే తమ్ముడు ముందుగా అనుమాట, “అన్నా, చెప్పవద్దు! నేనింకా చూడలేదు.” అన్న చెప్పడు. అతడు నియమము తప్పనివాడు. అయితే అంతకు ముందే అతడు తల్లితో మాటలాడి యుండును. ఆమెకు జట్టు పేరైనను తెలియదు. “ఏమిరా, ఈ రోజు మీ అన్న మిక్కిలి సంతోషముగా మాటలాడినాడు” అని ఆమె పప్పు కలుపుచు అనును. తమ్ముని ఆట అచ్చటనే ముగియును.

తెర అడుగున కదలు గీత కూడ గుట్టును బయటపెట్టును. ఆట సమముగా నున్నది. గడియారమున పది సెకండ్లు మిగిలినవి. గీత మాత్రము ఇంకను అరగంట కలదని చూపుచున్నది. అదనపు సమయము తప్పదని అప్పుడే తెలిసిపోవును. తెలివైనవారు ఆ గీతపై కాగితము అంటించి చూతురు.

సిద్దిపేట జిల్లాలోని చేర్యాల పట్టణమున నకాషీ చిత్రకారులు ఇట్టిదే మరియొక దానిని తరతరములుగా తయారు చేయుచున్నారు. ఖద్దరు గుడ్డకు చింతగింజల జిగురును తెల్లమట్టిని పూసి ఆరబెట్టి, ఎఱ్ఱని నేలపై కథను వరుస గళ్లుగా చిత్రించి చుట్టగా చుట్టుదురు. కథకులు ఊరూర తిరిగి, ఆ చుట్టను కొంచెము కొంచెముగా విప్పుచు, పద్మశాలీలకు మార్కండేయ పురాణమును, రజకులకు మడేలు పురాణమును చెప్పుదురు. రాబోవు ఘట్టము చుట్టలో మూసికొనియే యుండును. అయినను వినువారందరకు కథ ముందే తెలియును. మార్కండేయుని ప్రాణము నిలుచునని తెలిసియు, యమపాశము పడు ఘట్టమున ముసలమ్మలు కన్నులు తుడుచుకొందురు. ఫలము తెలిసినంతనే పురాణము చప్పబడదు, ఆట చప్పబడును.

ఈ భేదము దాటరానిదేమియు కాదు. దాచిన ఆటలలో అధికభాగము ఒకసారి చూచి విడిచివేయదగినవే. వాటిని తుడిచివేసినను నష్టము లేదు. వందకొకటి మాత్రము ఫలము తెలిసిన పిదప కూడ మరల మరల చూడబుద్ధి పుట్టించును. అప్పుడది ఆట కాదు, కథ. చిక్కేమనగా, ఏ ఆట కథయగునో దాచు నాటికి ఎవరికిని తెలియదు. అన్నియు దాచవలెను. దాచినను శాశ్వతము కాదు. 2017లో ప్రారంభమైన యూట్యూబ్ టీవీ ఎన్ని ఆటలనైనను దాచుకొననిచ్చును గాని, తొమ్మిది నెలలు నిండగనే ఒక్కొక్కటిగా తీసివేయును. అక్టోబరులో దాచిన మొదటి ఆట జూలైలో మాయమగును. అద్దె ఇంటిలో మామిడి మొక్క నాటినట్లే యున్నది.

చేజారిన దానికి ఉదాహరణము బాస్కెట్‌బాల్ చరిత్రలోనే కలదు. 1962 మార్చి 2వ తేదీన పెన్సిల్వేనియా రాష్ట్రపు హెర్షీ పట్టణమున ఫిలడెల్ఫియా వారియర్స్ ఆటగాడు విల్ట్ చాంబర్లెన్ న్యూయార్కు జట్టుపై ఒక్కడే 100 పాయింట్లు సంపాదించెను. నేటికిని ఎన్.బి.ఏ.లో దానిని మించినవాడు లేడు. చూచుటకు వచ్చినవారు 4,124 మంది. టెలివిజన్ ప్రసారము లేదు. కదలు బొమ్మ ఒక్కటియు మిగులలేదు. 100 అని చేతితో వ్రాసిన కాగితమును పట్టుకొని అతడు కూర్చున్న ఛాయాచిత్రము మాత్రమే లోకమునకు తెలిసినది. ఫిలడెల్ఫియా రేడియోలో బిల్ క్యాంబెల్ ఆ ఆటను వర్ణించెను. ఆ రాత్రి మూడు గంటల ప్రాంతమున చివరి భాగమును మరల ప్రసారము చేయగా, మాసచుసెట్సు విశ్వవిద్యాలయ విద్యార్థి జిమ్ ట్రెలీజ్ నిద్ర మాని తన టేపు యంత్రమున దానిని పట్టి ఉంచెను. పిల్లలకు పుస్తకములను పైకి చదివి వినిపింపుడని తల్లిదండ్రులకు బోధించు గ్రంథమును వ్రాసి తరువాత ప్రసిద్ధుడైనవాడు ఇతడే. ఆ చివరి భాగపు ప్రసారమును అమెరికా జాతీయ గ్రంథాలయము 2016 సంవత్సరపు జాబితాలో, దేశము భద్రపరుపవలసిన ధ్వనులలో ఒకటిగా చేర్చినది. ఫలము తెలియనివారెవరును దానిని వినరు. తెలిసియే విందురు.

మనవారికి ఆ అదృష్టము కూడ లేకపోయిన ఆట ఒకటి కలదు. 1983 జూన్ 18వ తేదీన ఇంగ్లండులోని టన్‌బ్రిడ్జ్ వెల్స్ మైదానమున, ప్రపంచ కప్పు క్రికెట్ పోటీలలో, జింబాబ్వేపై భారత జట్టు 17 పరుగులకే 5 వికెట్లు కోల్పోయినది. అప్పుడు కపిల్‌దేవ్ నిలిచి 138 బంతులలో 175 పరుగులు చేసి ఔటు కాకుండ తిరిగి వచ్చెను. భారతదేశము 31 పరుగుల తేడాతో గెలిచెను. సరిగా వారము తిరుగగనే ప్రపంచ కప్పును గెలిచెను. ఆ ఇన్నింగ్సును టెలివిజన్ కెమెరాలు పట్టలేదు. చూచినవారు చెప్పగా విన్నవారు, వారు చెప్పగా విన్నవారు, ఇట్లు ఆ కథ సాగుచున్నది. 2021లో వచ్చిన ‘83’ అను చలనచిత్రమున దానిని చూపుటకు, నటుని చేతికి బ్యాటు ఇచ్చి ఆ ఆటను మొదటినుండి మరల ఆడింపవలసి వచ్చినది.