మిరపసారము

మిరపకాయలోని కారము నీటికి లొంగదు. వంటయింట మెలగు ప్రతి స్త్రీకిని ఇది అనుభవమువలన తెలిసినదే. పచ్చిమిరపకాయ కొరికిన బిడ్డకు చెంబెడు నీళ్ళు త్రాగించినను ఏడుపు మానదు. ఒక చెంచాడు పెరుగో, కొంచెము వెన్నయో నోటికందించినచో వెంటనే నెమ్మదించును. ఆవకాయ జాడీలో పైకి తేలిన నూనె నాలుగు దినములలో ఎర్రబడి కారమెక్కును. దీనికి కారణమొక్కటియే. కారమునకు మూలమైన పదార్థమునకు కాప్సైసిన్ అని పేరు. అది నీటిలో కరుగుట మిక్కిలి తక్కువ. నూనెలోను, నేతిలోను, మద్యసారములోను చక్కగా కరుగును.

ఈ గుణమును బట్టియే కొన్ని దేశములలో మిరపకాయలను మద్యములో ఊరవేయు ఆచారమేర్పడినది. ఆ విషయమై నిరుడు మాయింట కొంత చర్చ జరిగినది. మేమనగా ఒకే యింట మెట్టిన తోడికోడండ్రమిద్దరము. మాది గుంటూరు ప్రాంతము. ఆ చర్చవలన మాకు తెలిసిన సంగతులు కొన్ని సోదరీమణులకు ఉపయోగపడునని యెంచి వ్రాయుచున్నాము.

మా ఆడపడుచు కెనడా దేశమున విన్నిపెగ్ నగరములో కాపురమున్నది. ఆ ప్రాంతమున ఉక్రెయిన్ దేశమునుండి పూర్వమే వలసవచ్చి స్థిరపడిన కుటుంబములు పెక్కు కలవు. ఆమె పొరుగింటి ముదుసలి అట్టి కుటుంబములోనిదే. ఆవిడ ప్రతి సంవత్సరము చలికాలమునకు ముందు, హోరిల్కా యను తమ దేశపు మద్యములో మిరపకాయలను తేనెతో కూడ ఊరవేయునట. దానిని పెర్త్సివ్కా అందురు. ఆవిడ మన గుంటూరు మిరపకాయల ప్రశస్తి విని కొన్ని తెప్పించి యిమ్మని కోరినదనియు, తానును ఆ విధము నేర్చుకొని చిన్న సీసాలలో పోసి స్నేహితురాండ్రకు కానుకగా నీయదలచితిననియు, ఈసారి వచ్చునప్పుడు మనయింటికిని ఒక సీసా తెత్తుననియు మా ఆడపడుచు వ్రాసినది.

ఆమె తెలిపిన విధము కష్టమైనది కాదు. ముప్పాతిక లీటరు మద్యమునకు రెండు ఎండుమిరపకాయలు చాలును. వానిని తుడిచి, నిలువుగా చీల్చి, శుభ్రమైన గాజుసీసాలో వేసి మద్యము పోసి మూతబిగించవలెను. కారము మెత్తని కాయయైనచో రెండు మూడు దినములు ఊరనీయవచ్చును. మన కాయలవంటి ఘాటు కాయలైనచో కొన్ని గంటలు గడచినప్పటినుండియే ఒక్కొక్క చుక్క నాలుకపై వేసి చూచుకొనుచుండవలెను. చాలునని తోచినంతనే కాయలను తీసివేసి, వడగట్టి, రెండు చెంచాల తేనె కలుపుదురు. కాయలను సీసాలోనే విడిచినచో కారము దినదినము పెరుగుచునే యుండును. కారము గింజలలో నున్నదని మనమందుము గాని, అది పుట్టునది గింజలంటియుండు తెల్లని ఈనెలో. కారము తగ్గింపదలచిన వారు ఆ యీనెను గీకివేయుదురు.

ఈ పని కొత్తదియు కాదు, ఒక్క ఉక్రెయిన్ వారిదియు కాదు. బెర్ముడా ద్వీపములో షెర్రీ యను ద్రాక్షమద్యమున మిరపకాయలు ఊరవేసి, ఆ రసపు చుక్కలను చేపల పులుసులో వేసుకొందురు. 1912 సంవత్సరమున విల్బర్ స్కోవిల్ అను అమెరికా దేశపు ఔషధశాస్త్రజ్ఞుడు మిరపకాయల కారమునకు కొలత నేర్పరచినప్పుడు చేసినదియు ఇదియే. ఎండుమిరపకాయలను మద్యసారములో నానవేసి, ఆ సారమును చక్కెరనీటితో పలుచన చేయుచు, కారము నాలుకకు తెలియకుండునంతవరకు ఎన్ని మారులు పలుచన చేయవలసివచ్చెనో లెక్కించెను. నేటికిని మిరపకాయల ఘాటును ఆయన పేరిటనే చెప్పుచున్నారు.

మద్యమును కారమును ఒకచోట చేరినచో నోరేల అంతగా మండునో యనుటకు కూడ శాస్త్రజ్ఞులు కారణము కనుగొనిరి. మన నాలుకపై వేడిని తెలుపు నాడులయందు ఒక గ్రాహకము కలదు. కాప్సైసిన్ దానిని తాకినచో, నిజముగా నిప్పు లేకున్నను కాలినట్లు మెదడునకు వార్త పోవును. ఈ గ్రాహకమును కనిపెట్టిన డేవిడ్ జూలియస్ గారు 2021లో నోబెల్ బహుమానమును పంచుకొనిరి. సామాన్యముగా సుమారు 42 డిగ్రీల వేడికి మేల్కొను ఈ గ్రాహకము, మద్యము సోకినప్పుడు సుమారు 34 డిగ్రీలకే మేల్కొనును. అనగా మన దేహపు సహజమైన వేడియే మనకు మంటగా తోచును. ఈ మంటను చూచి అది జలుబును పోగొట్టుననియు, చలికి ఒడలు కాచుననియు అక్కడివారిలో కొందరు నమ్ముదురు. మద్యము చర్మమునకు నెత్తురు పారజేసి వెచ్చదనము తోపించును గాని, ఆ దారినే ఒంటిలోని వేడి బయటికి పోవును. చలిలో నున్నవానికి అది మేలు కాదు, కీడే.

ఉత్తరము చదివినంతనే మాలో ఒకరికి ఉత్సాహమును, ఒకరికి సంకోచమును కలిగెను. మాయత్తగారు నెల్లూరు జిల్లాలో పుట్టి పెరిగినవారు. 1992లో ఆ జిల్లాయందలి దూబగుంటలో రోశమ్మ మొదలగు స్త్రీలు సారా దుకాణమును మూయించినప్పుడు, చుట్టుపట్ల గ్రామముల ఆడువారు లేచి నిలిచిరి. అక్షరాస్యతా తరగతులలో చదివిన పాఠమే వారిలో పలువురిని కదిలించినది. పుట్టింట నున్న మాయత్తగారును ఆ సారా పాటలను ఆపించిన స్త్రీలలో నొకరు. 1993 అక్టోబరు 1వ తేదీనుండి రాష్ట్రమున సారా నిషేధింపబడినది. 1995 జనవరిలో సంపూర్ణ మద్యనిషేధము వచ్చినది. 1997లో అది సడలింపబడినది. ఈ తేదీలను ఆమె మనుమల జన్మదినములవలె చెప్పగలరు. కావున కూతురు చేయు పనికి ఆమె మండిపడుదురని మేము భయపడితిమి.

ఆమె ఉత్తరమును రెండుమారులు చదివించుకొని, “మిరపకాయ చేసిన పాపమేమున్నది? అడిగిన కాయలు పంపుడు. దాని యింట అది యేమి చేసికొనునో అది దాని యిష్టము. నా యింటికి సీసా వచ్చుట మాత్రము నేను నిర్ణయించు సంగతి కాదు, చిన్నవాని నడుగుడు” అనిరి.

చిన్నవాడనగా మా మరిది. అతడు త్రాగుడు మాని మూడేండ్లయినది. ఈ మాట వ్రాయుటకు అతని యనుమతి గైకొంటిమి. మేమతని నడుగుటకే వెనుదీసితిమి. అడిగినచో నమ్మకము లేనట్లు, అడుగకున్నచో మోసగించినట్లు తోచెను. సీసాను బీరువాలో దాచి తాళము వేయుదమా యని కూడ ఆలోచించితిమి. తుదకు అడుగగా అతడు కోపగింపలేదు. “వదినలారా, దాచిన సీసా నాకు కనబడునట్టిదే. మీరు తాళము వేసినకొలది నా మనస్సు దానిచుట్టే తిరుగును. దాచవద్దు, అసలుంచవద్దు. అక్కకు నేనే వ్రాసెదను” అనెను. ఆ రాత్రియే వ్రాసెను. మా ఆడపడుచు నొచ్చుకొనక, సీసా మాట విడిచి, కాయలు మాత్రము పంపుమని బదులు వ్రాసినది.

అటుపిమ్మట మేము యోచించితిమి. మిరపకాయను ఊరవేసి సారము తీయుటయే ముఖ్యమైనచో మద్యమే యేల కావలయును? కొన్ని దేశములలో సిర్కాలో ఊరవేయుదురు గదా! ఫిలిప్పైను దీవులలో కొబ్బరికల్లు సిర్కాలో మిరపకాయలు, వెల్లుల్లి, అల్లము వేసి సీసాలలో నిలువచేసి, వేపుళ్ళకు నంజుకొందురు. సిర్కాయు పూర్వాశ్రమమున మద్యమే. కల్లుగాని ద్రాక్షమద్యముగాని గాలి తగిలి, ఒక విధమైన సూక్ష్మజీవులవలన పులిసి, అందలి మద్యసారము ఆమ్లముగా మారినచో సిర్కా యగును. మా మరిదికి ఈ సంగతి చెప్పగా నవ్వి, “అయినచో అదియు నావలె మానుకొన్నదే యన్నమాట” యని తానే కాయలు చీల్చుటకు కూర్చుండెను.

మేము చేయు విధమిది. పచ్చిమిరపకాయలు పండ్రెండు కడిగి, తడిలేకుండ ఆరబెట్టి, తొడిమలు తీసి చీల్చవలెను. గాజుసీసాను వేడినీటితో కడిగి పూర్తిగా ఆరనీయవలెను. అర లీటరు తెల్ల సిర్కాను — నూటికి 4 లేక 5 పాళ్ళ ఆమ్లము గలదిగా చూచి కొనవలెను — ఒక చెంచాడు ఉప్పుతో కాచి, కాయలు మునుగునట్లు పోయవలెను. ఇత్తడి, రాగి, అల్యూమినియము పాత్రలు పనికిరావు. పులుపు వానిని తినును. ఎనామిలు గాని స్టీలు గాని మంచిది. చల్లారిన పిదప ప్లాస్టిక్కు మూత పెట్టి శీతలపేటికలో నుంచితిమి. మద్యమంత వేగముగా సిర్కా కారమును లాగుకొనదు. రెండు వారములు ఓపిక పట్టవలెను. దాని ఘాటు పెర్త్సివ్కా కంటె తక్కువయే. అయినను పప్పుచారులో నాలుగు చుక్కలు, దోసకాయ ముక్కలపై ఒక చెంచాడు వేసినచో రుచి వేరు.

జాగ్రత్తలు కొన్ని చెప్పక తప్పదు. కాయలు చీల్చునప్పుడు చేతులకు నూనె రాచుకొని, పిమ్మట సబ్బుతో కడుగుకొనవలెను. వట్టి నీటితో కారము పోదు. పచ్చిమిరపకాయలనుగాని వెల్లుల్లినిగాని పులుపును ఉప్పును లేక వట్టి నూనెలో ముంచి వెలుపల నిలువయుంచరాదు. బొట్యులిజమను విషరోగమును కలిగించు సూక్ష్మజీవి గాలి సోకని యట్టి తావుననే పెరుగును. విదేశములలో మద్యమున ఊరవేయు సోదరీమణులు దానిని పొయ్యికి దూరముగా నుంచవలెను; మద్యపుటావిరి భగ్గున నంటుకొనును. మద్యమున ఊరవేయుట వేరు, ఇంట కాచుట వేరు. అనుమతి లేక కాచుట మన దేశమందును కెనడాయందును నేరము. ఇక పరిశ్రమలలో వాడు స్పిరిటును ఎన్నడును ముట్టరాదు. అందు మిథనాలుండవచ్చును, అది చూపును ప్రాణమును కూడ హరించును. గర్భవతులును బిడ్డలును మిరపమద్యమును చుక్కయైనను పుచ్చుకొనరాదు. సీసాపై లోని వస్తువు పేరు పెద్ద అక్షరములతో వ్రాసి అంటించవలెను.

మిరపకాయయు మనకు పొరుగుదేశపు చుట్టమే. 16వ శతాబ్దిలో పోర్చుగీసువారు అమెరికా ఖండమునుండి తేగా, మిరియము పేరును పంచుకొని మన వంటింట కుదురుకొన్నది. కావున పరదేశపు పద్ధతి యను మాత్రమున దేనిని త్రోసివేయ పనిలేదు. వచ్చినదానినెల్ల ఇంట చేర్చుకొననును అక్కరలేదు. ఏ యింట ఎవరున్నారు, ఎవరి మనస్సునకు ఏది బరువు అని తెలిసికొని, అడిగి చేయుట గృహిణి విధి. మేమడిగినందువలన మాయింట కొత్తరుచి యొకటి వచ్చినది, పాతభయమొకటి తగ్గినది. ఈ శీతకాలమున రెండవ సీసా పోయనున్నాము. కాయలు చీల్చుపని మా మరిది ఎవ్వరికిని విడుచునట్లు లేదు.