శిక్ష కాని శిక్ష

ప్రభుత్వోద్యోగి సస్పెన్షన్‌ను పత్రికలు ప్రముఖంగా ప్రచురిస్తాయి. ఆ ఉత్తర్వు కోర్టులో ఏమైందన్నది లోపలి పేజీలోనైనా రావడం అరుదు. పాత్రికేయుడిగా నన్ను కలవరపెట్టేది ఈ రెండింటి నడుమ గడిచే కాలమే.

సస్పెన్షన్ శిక్ష కాదంటుంది చట్టం. విచారణకు ఆటంకం కలగకుండా ఉద్యోగిని తాత్కాలికంగా పక్కన పెట్టడమేనట!

కోలార్‌లోని భారత్ గోల్డ్ మైన్స్ భద్రతాధికారి పాల్ ఆంథోనీ 1985లో సస్పెండయ్యారు. జీవనభృతి చెల్లించలేదు. చేతిలో డబ్బులేక కేరళ నుంచి విచారణకు రాలేకపోయారు. ఆయన లేకుండానే విచారణ ముగించి 1986లో ఉద్యోగం నుంచి తొలగించారు. అవే ఆరోపణలపై క్రిమినల్ కోర్టు 1987లో ఆయనను నిర్దోషిగా విడిచిపెట్టింది. తిరిగి ఉద్యోగంలోకి తీసుకోవాలని సుప్రీంకోర్టు ఆదేశించింది 1999లో. సస్పెన్షన్ నాటి నుంచి జీతమంతా ఇవ్వమంది. ఆ పద్నాలుగేళ్లను ఎవరివ్వగలరు?

2015లో అజయ్ కుమార్ చౌదరి కేసులో అదే న్యాయస్థానం ఒక గడువు విధించింది. మూడు నెలల్లోగా అభియోగపత్రం ఇవ్వకపోతే సస్పెన్షన్‌ను పొడిగించరాదు. ఇస్తే, పొడిగింపునకు కారణాలు చూపాలి. విచిత్రమేమంటే, అప్పటికే అభియోగపత్రం అందినందున ఆ నియమం అర్జీదారుకే అక్కరకు రాలేదు.

అక్రమార్కులను శిక్షించవలసిందే, అందులో వివాదం లేదు. సస్పెన్షన్‌ను సవాలు చేసే ఉద్యోగి తనను నిర్దోషిగా ప్రకటించమని కోరడం లేదు. తనపై ఆరోపణేమిటో కాగితంపై పెట్టి, సకాలంలో తేల్చమంటున్నాడు. మూడు నెలల్లో ఆ మాత్రం రాయలేని ప్రభుత్వం తొలిరోజున ఏ ఆధారంతో సంతకం చేసినట్టు?