పాతముఖము

దివిసీమలోని మా మేనత్తగారు 1977 నవంబరు 19 నాటి యుప్పెనలో ఇంటి కాగితములన్నియు పోగొట్టుకొన్నవారు. నాటినుండి లెక్క వ్రాసి యుంచుటయన్న వారికి ప్రాణము. 1999లో గుడివాడలో నొక డి.టి.పి. దుకాణమున విండోస్ 95 యంత్రముపై తెలుగు టైపు నేర్చి, తరువాత ఆ పాతయంత్రమునే కొని యింటికి తెచ్చుకొనిరి. పొదుపు సంఘపు జమాఖర్చులు వారే వ్రాయుచుండిరి. భర్త పోయినపిదప ఊరిలో వారి మాటకు విలువ నిలిచినది ఆ లెక్కలవలననే.

యంత్రము చెడగా మేము మచిలీపట్టణమునుండి క్రొత్త ల్యాప్‌టాప్ కొనిపోయితిమి. గొప్ప యుపకారము చేసితిమనుకొంటిమి. "ఇందులో వాకిలి ఎక్కడరా?" అని యడిగి, నాలుగు దినములకే దానిని మూసి, లెక్కలను ప్రక్కయింటి కుర్రవానికి అప్పగించిరి. మొదటి నెలలోనే నలుగురు స్త్రీల వాయిదాలు తప్పుగా పడినవి. తప్పు కుర్రవానిది కాదు. చదువు వచ్చిన స్త్రీని ముదిమిలో మరల నిరక్షరురాలిని చేసినవారము మేము.

మందు కనుగొన్నది మా అబ్బాయి. ల్యాప్‌టాప్‌లో లినక్సు నెక్కించి, ఎక్స్‌ఎఫ్‌సీఈ తెరకు షికాగో95 అను వేషము తొడిగెను. షికాగో యనునది విండోస్ 95 వెలువడకముందు దానికుండిన మారుపేరు. బూడిదరంగు చట్రములు, నీలిపచ్చని తెర, ఎడమమూలను స్టార్టు మీట అన్నియు వచ్చి కూర్చున్నవి. 2001 డిసెంబరు 31తో మైక్రోసాఫ్టు వదలివేసినదాని రూపును ఔత్సాహికులు గీత గీతగా నిలిపినారు. హైకూవారిది అంతకంటె మొండిపట్టు. 2001లో బీ కంపెనీ తన యాస్తిని పామ్‌కు అమ్ముకొనగా, బీఓఎస్ వంటిదానిని తామే వ్రాయ పూనుకొని, 2018లో గాని తొలి బీటా నీయలేకపోయిరి.

చదువరులు నవ్వవచ్చును; మేమును పూర్వము నవ్వినవారమే. పాతను వదలుటయే సంస్కారమని మా పిడివాదము. కాని యిచ్చట లోని యంత్రాంగమంతయు క్రొత్తది, ముఖమే పాతది. మన యిండ్లలో తరచు కన్పడునది దీనికి తలక్రిందులు: పైన క్రొత్తకోటు, లోన పాత కట్నపు లెక్క.

ముఖము వచ్చినను అక్షరములు రాలేదు. యూనికోడునకు ముందటి ఫాంటుతో వ్రాసిన పాత లెక్కలు తెరువగా ఇంగ్లీషు అక్షరముల గజిబిజి కన్పించెను. అత్తయ్యగారు అధైర్యపడలేదు. అచ్చుప్రతులు ప్రక్కనుంచుకొని, దినమునకు రెండుపుటల చొప్పున మరల టైపు చేయుచున్నారు. ఆ నలుగురి వాయిదాలు ముందే సరిదిద్దిరి.

అబ్బాయి యుత్సాహముతో ఇసుకగడియారపు బొమ్మనుకూడ తెచ్చి పెట్టెను. "అది తీసెయ్యరా అబ్బాయీ, అది కనబడితే నా చెయ్యి దానంతటదే ఆగిపోతోంది" అనిరి.