చదువుకు అన్నం పెట్టే ఊళ్లు

ఫీజు కట్టగానే చదువైపోదు. తినాలి, తలదాచుకోవాలి, రోజూ వెళ్లి రావాలి. ఆ ఖర్చు తట్టుకోలేకే ఎన్నో చదువులు మధ్యలో ఆగిపోతుంటాయి. కృష్ణా డెల్టా చివరన ఉన్న మూడు ఊళ్లు... బందరు, గుడివాడ, అవనిగడ్డ... ఆ ఖర్చులో తలా కొంత తామే మోస్తూ వచ్చాయి. ఒక ఊరు వారాలు పెట్టింది. ఒక ఊరు కాలేజీ కట్టుకుంది. ఇంకో ఊరు ఇంట్లో గదులు ఖాళీ చేసి ఇచ్చింది!

డీఎస్సీ మాట వినిపించిందంటే చాలు, అవనిగడ్డ బస్టాండులో దిగేవాళ్లలో కొందరిని ఇట్టే పోల్చేయొచ్చు. ఒక చేతిలో బట్టల బ్యాగు, ఇంకో చేతిలో పుస్తకాల సంచి, చంకలో చుట్టిన చాప. మాట వింటే ఒకరిది సిక్కోలు యాస, మరొకరిది సీమ యాస. దిగగానే అడిగేది కోచింగ్ ఎక్కడని కాదు. అది ముందే తెలుసు. అడిగేది ఒకటే... ‘ఇక్కడ రూమ్ ఎంతలో దొరుకుద్దండీ?’

ఆ తర్వాతి ప్రశ్న మెస్ గురించి. ఈ రెండింటికీ వచ్చే జవాబును బట్టే వాళ్లు ఇక్కడ మూడు నెలలు ఉండగలరా, ఆరు నెలలు ఉండగలరా అన్నది తేలుతుంది. హైదరాబాదులో అదే డబ్బుతో ఎన్నాళ్లు ఉండొచ్చో లెక్క వేసుకున్న తర్వాతే చాలామంది ఈ బస్సెక్కుతారు.

ఈ లెక్క అవనిగడ్డతో మొదలైంది కాదు. నూరేళ్ల కిందట బందరులో దిగిన కుర్రాడూ ఇదే ప్రశ్నతో దిగాడు. కాకపోతే అప్పుడు అడిగే తీరు వేరు!

ఏడు రోజులు... ఏడిళ్లు

మచిలీపట్నం అని కాగితాల మీద రాసుకున్నా, జిల్లా వాళ్ల నోట ఎప్పుడూ బందరే. ఒకప్పుడు ఓడలొచ్చిన రేవు. 1864లో వచ్చిన తుపాను వేలాది మందిని మింగేశాక ఆ వైభవం మళ్లీ పూర్తిగా తేరుకోలేదు. అయినా ఊరు చితికిపోకుండా నిలబెట్టిన వాటిలో చదువు ఒకటి. రాబర్ట్ నోబుల్ అనే మిషనరీ 1843లో ఇక్కడ పెట్టిన బడే తర్వాత నోబుల్ కాలేజీ అయింది. చుట్టుపక్కల పల్లెల నుంచే కాదు, దూరాల నుంచీ పిల్లలు ఇంగ్లీషు చదువు కోసం బందరు బాట పట్టారు.

మరి వాళ్లెక్కడ తిన్నారు? హోటల్లో తినే స్తోమత ఎంతమందికి ఉంటుంది! అప్పటి దారి ‘వారాలు’. సోమవారం ఒకరింట్లో, మంగళవారం మరొకరింట్లో, ఇలా ఏడు రోజులకు ఏడిళ్లు కుదుర్చుకోవాలి. ఆ రోజు ఆ ఇంట్లో ఏం వండితే అదే ఆ కుర్రాడి భోజనం. పప్పు, పచ్చడి, మజ్జిగ... ఏ ఇంటి ఇల్లాలిది ఎలాంటి చెయ్యో వారాలబ్బాయికి తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు. ఏడిళ్లలో ఆరే కుదిరితే ఏడో రోజు మంచినీళ్లే. ఆ తరం ఇళ్లల్లో తాతలు చెప్పే ‘వారాలు చేసుకుని చదువుకున్నా’ అన్న మాట వెనక గర్వమూ ఉంది, ఆకలీ ఉంది.

అయితే ఈ వాకిళ్లు అందరికీ తెరుచుకోలేదు. వారాలు ఎక్కువగా బ్రాహ్మణ పిల్లలకే. మిగతా కులాల పిల్లలకు ఆ దారి లేదు. దళితుల పిల్లలకైతే బడి గడపే దూరం. అందుకే ఆ తర్వాతి కాలంలో జిల్లా అంతటా హాస్టళ్లు వచ్చాయి. ఎవరి కులం వాళ్లు చందాలు పోగేసి కట్టుకున్నవి కొన్ని, సంక్షేమశాఖ పెట్టినవి కొన్ని. వాకిట్లో వడ్డించిన అన్నం కాస్తా హాస్టల్ కంచంలోకి మారింది. అన్నం దొరికినవాడి చదువు సాగింది... అది మాత్రం మారలేదు.

అలా వచ్చినవాళ్లకు బందరు ఇచ్చింది అన్నమొక్కటే కాదు. హిందూ హైస్కూల్లో చెళ్లపిళ్ల వెంకటశాస్త్రి తెలుగు పాఠం చెప్పారు. నందమూరు నుంచి వచ్చిన విశ్వనాథ సత్యనారాయణ ఆయన శిష్యుడే. 1910లో కోపల్లె హనుమంతరావు, ముట్నూరి కృష్ణారావు, పట్టాభి సీతారామయ్య కలిసి ఆంధ్ర జాతీయ కళాశాల స్థాపించారు. పుస్తకంతో పాటు చేతికి ఒక పనీ నేర్పాలన్నది వాళ్ల తపన. చదివినవాడు ఉద్యోగం రాకపోయినా బతకగలగాలి కదా! ఈ ప్రశ్నకు నూట పదిహేనేళ్లు దాటినా ఇంకా పూర్తి జవాబు దొరకలేదు. 2008లో కృష్ణా విశ్వవిద్యాలయం కూడా బందరుకే వచ్చింది.

లక్ష రూపాయల కాలేజీ

బందరు నుంచి విజయవాడ వెళ్లే రైలెక్కితే పెడన, గుడ్లవల్లేరు దాటాక గుడివాడ వస్తుంది. అక్కడ పట్టాలు మూడు వైపులకు చీలతాయి. ఒకటి విజయవాడకు, ఒకటి భీమవరానికి, ఒకటి బందరుకు. ఈ జంక్షన్ వల్ల గుడివాడ విద్యార్థికి ఓ పెద్ద ఖర్చు తప్పింది. అదే రూమ్ అద్దె! కైకలూరు వైపు పిల్లాడైనా, పెడన పిల్లయినా ఇంట్లో అమ్మ కట్టిన క్యారేజీ పట్టుకుని పొద్దున్నే బయల్దేరి, సాయంత్రానికి ఇల్లు చేరొచ్చు. సీజన్ టిక్కెట్టే వాళ్ల హాస్టల్. రైలు పెట్టే స్టడీ రూమ్. పరీక్షల రోజుల్లో కిటికీ పక్క సీటు దొరికితే రెండు పాఠాలు అయిపోతాయి.

ఇంటి దగ్గర్నుంచి వెళ్లి రావాలంటే ముందు దగ్గర్లో కాలేజీ ఉండాలిగా! 1950లో గుడివాడలో కాలేజీ మొదలైంది. దానికి లక్ష రూపాయల విరాళం ఇచ్చింది పక్కనే ఉన్న రామాపురంలో పుట్టిన అక్కినేని నాగేశ్వరరావు. ఎకరాల లెక్కన భూములు కొనగలిగిన డబ్బు అది. పైగా ఆయన పెద్దగా చదువుకున్నవారు కాదు. చిన్నప్పుడే నాటకాల్లో వేషాలు కట్టి, అటునుంచి సినిమాల్లోకి వెళ్లినవారు. తనకు దక్కనిది తన ఊరి పిల్లలకు దక్కాలనుకున్నారు. ఆ కాలేజీకి ఆయన పేరే పెట్టారు. ఏఎన్నార్ కాలేజీ అంటే ఇప్పటికీ గుడివాడలో రిక్షావాలా నుంచి ఆటోవాలా దాకా తెలియనివాళ్లు లేరు.

ఊళ్లోనే డిగ్రీ ఉంటే లాభం ఎవరికి? మొదట ఆడపిల్లలకు. ‘విజయవాడ హాస్టల్లో పెట్టి చదివించలేం’ అనే తండ్రి, ‘పొద్దున రైలుకెళ్లి సాయంత్రం రైలుకొస్తుంది’ అంటే కాదనలేడు. దూరం తగ్గితే ఖర్చే కాదు, భయమూ తగ్గుతుంది. 2025 ఆగస్టు 15 నుంచి ఆర్టీసీ పల్లెవెలుగు, ఎక్స్‌ప్రెస్ బస్సుల్లో ఆడవాళ్లకు టిక్కెట్ లేకుండా ప్రయాణం వచ్చింది. పాసు డబ్బులు మిగలడం వేరు. పాసు డబ్బుల కోసం ఇంట్లో చేయి చాచనవసరం లేకపోవడం వేరు.

ఇక అన్నం సంగతి. రాష్ట్రంలో మూతపడిన అన్న క్యాంటీన్లను 2024 ఆగస్టు 15న మళ్లీ తెరవడం మొదలుపెట్టింది ఈ గుడివాడలోనే. పూటకు ఐదు రూపాయలు. కూలీల కోసం పెట్టినదే అయినా ఆ వరుసలో పుస్తకాల సంచి తగిలించుకున్న పిల్లాడు నిలబడితే ఎవరూ పొమ్మనరు. 2025 జనవరిలో ప్రభుత్వ జూనియర్ కాలేజీల్లో మధ్యాహ్న భోజనం మొదలైంది. దానికి పెట్టిన పేరు డొక్కా సీతమ్మ... గోదావరి తీరాన వచ్చిన ప్రతి ఒక్కరికీ అన్నం పెట్టిన తల్లి. వారాలు ఇప్పుడు సర్కారు ఖాతాలోకి వచ్చాయన్నమాట. ఈసారి ఏ వాకిట్లోనూ కులం అడిగే పని లేదు.

దివిసీమ అరుగులు

రైలు దారి బందరుతో ఆఖరు. దివిసీమకు బస్సే గతి. విజయవాడ నుంచైతే పామర్రు మీదుగా, కూచిపూడి, చల్లపల్లి, మోపిదేవి దాటుకుంటూ వెళ్లాలి. పులిగడ్డ దగ్గర కృష్ణమ్మ రెండుగా చీలుతుంది. ఆ పాయల నడుమనున్న సీమే దివిసీమ. 1977 నవంబరు 19న ఉప్పెన వేలాది మందిని పొట్టన పెట్టుకున్నది ఈ నేలనే. ఎక్కడెక్కడి నుంచో వచ్చిన అన్నం పొట్లాలతో ఆనాడు ప్రాణం నిలుపుకొన్న ఊళ్లివి.

ఆ సీమలోని అవనిగడ్డ ఇప్పుడు టీచరు కావాలనుకునేవాళ్లకు కాశీ లాంటిది. డీఎడ్, బీఎడ్ చదివిన వేలమంది డీఎస్సీ కోచింగ్ కోసం రాష్ట్రం నలుమూలల నుంచీ ఇక్కడికి వస్తారు. సినిమా హాళ్ల సందడి, షాపింగ్ మాళ్లు లేకపోవడమే ఈ ఊరికి కలిసొచ్చింది. ఖర్చు పెట్టాలన్నా పెద్దగా దారి ఉండదు!

సీజన్ వచ్చిందంటే ఊరి రూపే మారిపోతుంది. ముందు గది, మేడ మీద గది, వెనక వసారా... ఖాళీ జాగా కనిపిస్తే చాలు, చాపలు పడతాయి. ముగ్గురు నలుగురు కలిసి అద్దె పంచుకుంటారు. కొందరు మెస్సులో తింటారు. ఇంకా పొదుపు చేసేవాళ్లు అన్నం గదిలో వండుకుని, కూర కర్రీ పాయింట్లో కొంటారు. ఒక ప్యాకెట్ ఇద్దరికి. ఇంటి ఓనరమ్మ పండగ పూట గిన్నెలో పులిహోర పంపితే ఆ పూట కూర ఖర్చు మిగిలినట్టే. సాయంత్రాలు గుడి అరుగు మీద, చెట్టు నీడన ఎవరి బిట్లు వాళ్లు వల్లె వేసుకుంటూ కనిపిస్తారు. ఒకరు ప్రశ్న చదివితే ఇంకొకరు జవాబు చెప్పాలి. తప్పు చెప్పినవాళ్లే టీ ఇప్పించాలి!

కష్టాలూ తక్కువేం కాదు. ఒక బాత్‌రూమ్‌కు పదిమంది వరుస. సముద్రం దగ్గర కావడంతో చాలాచోట్ల భూగర్భ జలం ఉప్పన. తాగేందుకు క్యాన్ నీళ్లే కొనుక్కోవాలి. పిల్లల్ని అమ్మమ్మ దగ్గర వదిలి వచ్చిన తల్లులుంటారు. రాత్రి ఫోన్‌లో ‘ఎప్పుడొస్తావమ్మా’ అని చంటిది అడిగితే, ‘పరీక్షవగానే’ అని చెప్పి ఫోన్ పెట్టేశాక పుస్తకం మీద అక్షరం కనిపించదు. మళ్లీ కళ్లు తుడుచుకుని కూర్చుంటారు.

ఎదురుచూపు ఖరీదు

డీఎస్సీకి చదివేవాళ్లను భయపెట్టేది సిలబస్ కాదు, ఎదురుచూపు. 2018లో ఒక నోటిఫికేషన్ వచ్చింది. ఆ తర్వాత 2024 ఫిబ్రవరిలో 6,100 పోస్టులకు మరొకటి వచ్చినా పరీక్ష జరగకుండానే రద్దయింది. చివరికి 2025 ఏప్రిల్‌లో 16,347 పోస్టులతో మెగా డీఎస్సీ వచ్చింది. ఏడేళ్లు! 2018లో ఒక్క మార్కులో ఉద్యోగం పోగొట్టుకున్నవాళ్లు ఈలోగా పెళ్లి చేసుకున్నారు, పిల్లల్ని కన్నారు, ప్రైవేటు బడుల్లో తక్కువ జీతానికి పాఠాలు చెప్పారు. గరిష్ఠ వయసును 44 ఏళ్లకు పెంచారంటేనే ఎంతమంది వయసు ఈ ఎదురుచూపులో కరిగిపోయిందో అర్థమవుతుంది.

సరిగ్గా ఇక్కడే చిన్న ఊరి విలువ తెలుస్తుంది. పెద్ద నగరంలో చేతిలో డబ్బు మూడు నెలల్లో అయిపోతే, ఆశ కూడా మూడు నెలల్లోనే అయిపోతుంది. అదే డబ్బు అవనిగడ్డలో ఇంకొన్నాళ్లు వస్తే ఇంకోసారి ప్రయత్నించొచ్చు. చవక ఊరు ఉద్యోగం ఇవ్వదు. గడువు ఇస్తుంది. డబ్బున్న ఇంటి పిల్లలకు పుట్టుకతోనే దొరికే ఆ గడువు, కూలి ఇంటి పిల్లకు ఇలాంటి ఊళ్లోనే దొరుకుతుంది.

ఇది మన దగ్గరే ఉన్న లెక్క కాదు. ఇదే జిల్లాలోని ఎన్నో ఇళ్లల్లో ఇప్పుడు నడుస్తున్న చర్చ ఇంగ్లండ్ చదువుల గురించి. బ్యాంకు అప్పు, పొలం తాకట్టు దాకా వెళ్లేవాళ్లు అక్కడా ముందు చూసుకునేది ఊరే. బ్రిటన్ విద్యార్థి వీసాకు 2025 జనవరిలో పెట్టిన లెక్క ప్రకారం బతుకు ఖర్చు కింద లండన్‌లో నెలకు 1,483 పౌండ్లు, లండన్ బయటైతే 1,136 పౌండ్లు చూపించాల్సి వచ్చింది, అదీ తొమ్మిది నెలలకు. చిన్న ఊరైతే తక్కువలో గడుస్తుందని అక్కడి సర్కారే ఒప్పుకుందన్నమాట! అద్దె, తిండి, బస్సు... సిక్కోలు కుర్రాడు అవనిగడ్డలో అడిగిన ప్రశ్నలే గుడివాడ కుర్రాడు ఇంగ్లండ్‌లో దిగి అడుగుతాడు. తేడా ఒకటే. అక్కడ పండగ పూట పులిహోర గిన్నె రాదు.

ఊరికీ విద్యార్థే ఆసరా

ఊరు ఇచ్చింది ఊరికే పోలేదు. విద్యార్థుల వల్లే అవనిగడ్డలో మెస్సులు నడుస్తున్నాయి. జిరాక్సు షాపులు, టీ బడ్డీలు, కిరాణా కొట్లు నాలుగు డబ్బులు చూస్తున్నాయి. మగదిక్కు లేని ఇళ్లు గది అద్దెలతో గడుస్తున్నాయి. నోటిఫికేషన్ లేని ఏడాది ఆ గదులకు తాళాలే. అందుకే డీఎస్సీ ప్రకటన కోసం నిరుద్యోగులు ఎంతగా చూస్తారో, ఊరూ అంతగానే చూస్తుంది.

ఫలితాలొచ్చాక మాత్రం ఎవరూ చెప్పకపోయినా జరిగే పని ఒకటుంది. ఉద్యోగం వచ్చినవాళ్లు స్వీట్ బాక్సు పట్టుకుని ఓనరమ్మ దగ్గరికొస్తారు, బందరు లడ్డు అయితే మరీ మంచిది. కాళ్లకు దండం పెట్టి, సామాను సర్దుకుంటారు. రానివాళ్లు అదే గది గుమ్మంలో నిలబడి అడుగుతారు... ‘పిన్నిగారూ, ఇంకో ఆర్నెల్లు ఉండొచ్చా?’

‘ఉండమ్మా, ఎక్కడికెళ్తావ్?’ అని లోపలి నుంచి జవాబొస్తే చాలు. చుట్టిపెట్టిన చాప మళ్లీ పరుచుకుంటుంది.