ముసలమ్మ వేషము

గత వేసవి సెలవులలో నొకరాత్రి నేను స్పెయిను దేశపు చలనచిత్రము నొకదానిని జూచుచుండగా, నిద్రపట్టక మా యమ్మ వచ్చి ప్రక్కన గూర్చుండెను. ఆమెకు స్పానిషు రాదు. తెరయడుగున నడచు ఇంగ్లీషక్షరములును రావు. అయినను పావుగంట గడవకమునుపే నవ్వసాగెను. ఆ నవ్వు కథానాయికను జూచి కాదు. మాడ్రిడ్ నగరమున నొక యిరుకింటిలో, సోడాబుడ్డి కళ్ళజోడు పెట్టుకొని, తీపిరొట్టెలను సోడానీళ్లను బీరువాలో దాచి తాళమువేసికొను నత్తగారిని జూచి.

"ఎవర్రా ఆవిడ?" అని యడిగెను.

నాకు దర్శకుని పేరు తెలియును. నాయిక పేరు తెలియును. ముసలమ్మ పేరు తెలియదు. మరునాడు వెదకి తెలిసికొంటిని.

ఆమె చూస్ లంప్రెయావె. 1930లో మాడ్రిడ్‌లో జన్మించి 2016లో మరణించినది. చిత్రలేఖనము నభ్యసించిన యామె, మార్కో ఫెరేరి 1960లోను బెర్లాంగా 1963లోను తీసిన చిత్రములలో చిన్నచిన్న వేషములు వేసెను. దూరదర్శన నాటకములలోను నటించెను. నాయిక మాత్రము కాలేదు. ఆమె పేరు లోకమునకు దెలిసినది ఏబది యేండ్లు దాటిన పిదపనే. మన సినిమాలలో నా వయసు స్త్రీకి హారతిపళ్లెము పట్టుకొని నిలుచుట తప్ప వేఱుపని యుండదు.

పెద్రో అల్మొదోవర్ లా మాంచా సీమలోని పల్లెలో బుట్టినవాడు. 1983లో నతడామెను సన్యాసినిగా జూపెను. ఆ సన్యాసిని మఠములో గూర్చుండి మాఱుపేరుతో చవుకబారు నవలలు వ్రాయును! 1988లో నామె యొక భవనమునకు కాపలాదారు. అబద్ధమాడవలెనని యున్నను తన మత మొప్పదే యని విచారించును. 1992 నాటి 'బెల్ ఎపోక్' చిత్రమునకు స్పెయిను వారి గోయా బహుమాన మామెకు లభించెను. 2006లో 'వొల్వేర్' చిత్రమునకు గాను కాన్ ఉత్సవమున నుత్తమనటి బహుమానమును ఆర్గురు స్త్రీలకు గలిపి యిచ్చిరి. అందామె యొకతె, కన్నులు సరిగా గానరాని పినతల్లిగా ఆమె కనబడునది కొద్దిసేపే.

మేము చూచినది 1984 నాటి 'ఇందుకు నేనేమి చేసితిని' యను చిత్రము. ఆనాటి కామెకు ఏబదిమూడేండ్లు. మనుమడు పాఠము వ్రాసికొనుచు ఏ రచయిత భావకవి, ఎవడు వాస్తవికుడని యడుగగా, ఆ యవ్వ తడబడక అన్నియు తలక్రిందులుగా జెప్పును. ఇరువదియేండ్లుగా పాఠములు చెప్పుచున్న నాకు అంతటి నిబ్బర మెన్నడు నలవడలేదు. ఆమె నవ్వించుటకు ముఖము వంకరలు తిప్పదు. తాను చెప్పునది యథార్థమని నమ్మి చెప్పును. మన యిండ్లలో వృద్ధులమాట కందరము "పాపము, పెద్దవారు" అని తలయూచి మఱచిపోవుదుము. అది మర్యాద యనుకొందుము. ఈ నటి మాటను మఱచుటకు వీలులేదు.

ఆ చిత్రములోని యవ్వకు ఒకటే కోరిక: తన పల్లెకు దిరిగిపోవలెను. పట్టణపు చలి ఆమెకు పడదు. కట్టకడపట పెద్దమనుమని వెంటబెట్టుకొని బస్సెక్కును.

మా యమ్మ బస్సును జూచినది. "అయితే వెళ్లనిచ్చారన్నమాట" అనెను.

నేను మాటాడలేదు. మా నాన్నగారు పోయి మూడేండ్లయినది. నాటినుండి ఆమె నా యొద్దనే యున్నది. ప్రతి పండుగకు ఊరి ప్రసక్తి తెచ్చును. అక్కడ వైద్యుడు లేడని యొకమారు, వానలని యొకమారు, పరీక్షలని యొకమారు నేను వాయిదా వేయుచు వచ్చితిని. ఆమె యెన్నడును తగవులాడలేదు. అందువలన నాకు దోషమున్నట్లు తోచలేదు.

ఇది వ్రాయుచుండగా లోపలినుండి ఆమె, ఊళ్లో యింటి తాళపుచెవి యెక్కడ పెట్టావురా యని యడుగుచున్నది. అది నా బల్లసొరుగులోనే యున్నది.